పాత పీఎస్3కి డిజిటల్ గేములు: కార్డు తీసుకోని స్టోర్‌లో, నెలకు రూ.500 లోపు

ప్రశ్న: మాది ఒడిశాలోని రాయగడ. ఒక కాంట్రాక్టు సంస్థలో సూపర్‌వైజరుగా చేస్తున్నాను. చేతికొచ్చే జీతం రూ.31,000. అద్దె, ఫీజు, ఇంటి ఖర్చు కలిపి 22,500 అవుతోంది. పోస్టాఫీసు ఆర్డీకి 2,000, చీటీకి 2,500 కడుతున్నాను. సేవింగ్స్ ఖాతాలో 18,000 ఉంది. మా బావమరిది బెంగళూరు వెళ్తూ తన పాత పీఎస్3 (టీవీకి కలిపి గేములు ఆడే సోనీ ప్లేస్టేషన్ 3 కన్సోల్) మాకిచ్చాడు. పదకొండేళ్ల మా అబ్బాయికీ నాకూ అందులో పాత గేములు ఆడాలని ఉంది. అందులోని ప్లేస్టేషన్ ఆన్‌లైన్ స్టోర్‌లో కొనబోతే బ్యాంకు కార్డు తీసుకోవడం లేదు. 80 గేములున్న ప్లేస్టేషన్ ఖాతా 3,500కి ఇస్తానని ఆన్‌లైన్‌లో ఒకతను అంటున్నాడు. ‘ఇదంతా ఎందుకు, 36,000 పెట్టి కొత్త కన్సోల్ 18 నెలల నో కాస్ట్ ఈఎంఐలో తీసుకో’ అని స్నేహితులు చెబుతున్నారు. ఏం చేయమంటారు?

జవాబు: అన్నీ పోగా మీకు నెలకు మిగిలేది రూ.4,000. ముందు దీని సంగతి తేలాలి. కాంట్రాక్టు పని మీద ఆధారపడ్డ ఇంట్లో కనీసం మూడు నెలల ఖర్చు విడిగా ఉండాలి. మీకు అది 67,500. ఉన్నది 18,000 కాబట్టి ఇంకా 49,500 కావాలి. చీటీని ఇందులో కలపకండి. పాట పాడుకుంటే తప్ప అది అవసరానికి చేతికి రాదు, పాడితే కోత పడుతుంది. జీతం పడిన రోజే 3,500 పక్కకు తీసేస్తే 15వ నెలకల్లా ఆ లోటు పూడుతుంది. మిగిలిన 500 గేములకు పెట్టుకోండి. పిల్లాడితో కూర్చుని ఆడే సరదాకు 500 కేటాయించడం దుబారా కాదు. అది కూడా బడ్జెట్‌లో ఒక పద్దుగా ఉండాలి, అంతే.

ఈఎంఐ ఇప్పుడు వద్దు. నెలకు 2,000 దానికే పోతే, మిగిలినదంతా పక్కకు తీసినా అత్యవసర నిధి నిండడానికి 22 నెలలు పడుతుంది, అన్నాళ్లూ గేముకు ఒక్క రూపాయి మిగలదు. నో కాస్ట్ అన్నంత మాత్రాన వడ్డీ లేదని కాదు. అమ్మేవారు ఆ వడ్డీని ధరలో తగ్గింపుగా చూపిస్తారు. బ్యాంకు మాత్రం ఆ వడ్డీ మీద 18 శాతం జీఎస్టీ వేస్తుంది, చాలాసార్లు ప్రాసెసింగ్ ఫీజు కూడా తీసుకుంటుంది. ఇంకో సంగతి మీ స్నేహితులు చెప్పినట్టు లేదు: పీఎస్3 డిస్కులు సోనీ తర్వాతి కన్సోళ్లయిన పీఎస్4లోనూ ఆడవు, పీఎస్5లోనూ ఆడవు. పాత గేముల కోసం కొత్త కన్సోల్ కొంటే ఆ పాత గేములే చేజారతాయి.

ఇక స్టోర్‌లో మనం కొనేది ఏమిటో చూద్దాం. డిజిటల్ గేము, అంటే డిస్కు లేకుండా నెట్ నుంచి దించుకునేది, కొంటే చేతికొచ్చేది ఆడుకునే అనుమతి మాత్రమే. దాన్ని అమ్ముకోలేరు, ఇంకొకరికి ఇవ్వలేరు. అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రమైతే ఈ విషయాన్ని కొనేవారికి స్పష్టంగా చెప్పి తీరాలని చట్టమే చేసింది, అది 2025 జనవరి 1 నుంచి అమల్లో ఉంది. అందుకే డిజిటల్ గేమును ఖర్చు కిందే రాయండి. సినిమా టికెట్‌కు ఎలా రాస్తారో అలాగే.

పైగా పాత కన్సోళ్ల స్టోర్లు ఒక్కొక్కటీ మూతపడుతున్నాయి. నింటెండో కంపెనీ ‘వీ’ కన్సోల్ స్టోర్‌ను 2019 జనవరిలో మూసేశారు. అదే కంపెనీ వీ యూ, 3డీఎస్ కన్సోళ్ల స్టోర్లలో 2023 మార్చి 27తో అమ్మకాలు ఆగిపోయాయి. మైక్రోసాఫ్ట్ కన్సోల్ ఎక్స్‌బాక్స్ 360 స్టోర్ 2024 జూలై 29న మూతపడింది. మీ పీఎస్3 స్టోర్‌ను కూడా మూసేస్తామని సోనీ 2021 మార్చిలో ప్రకటించి, అభిమానులు గట్టిగా అడగడంతో ఏప్రిల్‌లో వెనక్కి తగ్గింది. ఇది రాసే నాటికి ఆ స్టోర్ తెరిచే ఉంది. ఎన్నాళ్లుంటుందో ఎవరూ హామీ ఇవ్వలేదు. కాబట్టి ‘తర్వాత ఆడదాం’ అని పది గేములు కొని పెట్టుకోవద్దు. ఈ నెల ఆడబోయే గేమే కొనండి. ఒక్క మినహాయింపు ఉంది. కార్ల గేములు, నిజమైన ఆటగాళ్ల పేర్లున్న క్రీడల గేములు అన్నిటికంటే ముందు స్టోర్ నుంచి మాయమవుతాయి. కార్ల కంపెనీలతో, పాటల హక్కుదారులతో కుదిరిన ఒప్పందాల గడువు తీరడమే కారణం. ఫోర్జా హొరైజన్ 4 అనే కార్ల గేము అమ్మకం 2024 డిసెంబరు 15న ఆగిపోయింది ఇందుకే. మీ అబ్బాయి మనసు అలాంటి గేము మీదే ఉంటే వరుసలో దాన్ని ముందుకు జరపండి.

ఒక గేము ఎంత వెతికినా దొరకకపోతే మీరు వెతకడంలో లోపం ఉందనుకోకండి. అమెరికాలో 2010కి ముందు వచ్చిన పాత గేముల్లో 87 శాతం ఇప్పుడు ఎక్కడా అధికారికంగా అమ్మకానికి లేవని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో లెక్క తేల్చింది.

ఆ 3,500 ఖాతా జోలికి మాత్రం అస్సలు వెళ్లకండి. ఖాతాలు అమ్మడం, కొనడం నిబంధనలకు విరుద్ధం. తెలిస్తే కంపెనీ ఖాతానే మూసేస్తుంది. అమ్మినవాడు పాత ఈమెయిల్, పాత బిల్లులు చూపించి వారం తిరక్కుండానే దాన్ని మళ్లీ తన చేతిలోకి తెచ్చుకోగలడు. ఒక ఖాతాలో కొన్న పీఎస్3 గేములు ఒకేసారి రెండు పీఎస్3ల మీదే యాక్టివేట్ అవుతాయి. అదే ఖాతాను పదిమందికి అమ్మితే మూడోవాడి నుంచి అందరికీ మొండిచేయే. యూపీఐలో మీరే పిన్ కొట్టి పంపిన డబ్బు వెనక్కి రప్పించడం చాలా కష్టం. ఇప్పటికే అడ్వాన్సు పంపి ఉంటే ఆలస్యం చేయకుండా 1930కి ఫోన్ చేసి ఫిర్యాదు నమోదు చేయించండి.

రూపాయి పెట్టే ముందు మీ పీఎస్3ని ఒకసారి చూసుకోవాలి. చేతులు మారి వచ్చిన పీఎస్3లలో కొన్నిటికి సాఫ్ట్‌వేర్ మార్చి ఉంటుంది, రిపేరు షాపుల్లో జైల్‌బ్రేక్ అంటారు. మెనూలో మీకు తెలియని ఫైల్ మేనేజర్లు, ‘మల్టీమ్యాన్’ లాంటి పేర్లు కనిపిస్తే అదే సంగతి. అలాంటి మెషీన్‌తో స్టోర్‌లో లాగిన్ అయితే ఖాతాతో పాటు కన్సోల్‌ను కూడా నిషేధించే అవకాశం ఉంది, అప్పుడు వ్యాలెట్‌లో (స్టోర్ ఖాతాలో ముందుగా డబ్బు వేసుకునే చోటు) వేసిన డబ్బు కూడా పోతుంది. ముందు మీ బావమరిదిని అడగండి. జైల్‌బ్రేక్ చేసిందే అయితే స్టోర్ ఆలోచన మానుకుని డిస్కులకే పరిమితం కండి. కాపీ గేములు నింపిస్తామనే షాపులకు డబ్బివ్వొద్దు, అది దొంగ సరుకు.

మెషీన్ బాగుంటే కార్డు సమస్యకు దారి ఉంది. పీఎస్3 స్టోర్‌లో నేరుగా క్రెడిట్, డెబిట్ కార్డులు తీసుకోవడం సోనీ 2021 అక్టోబరులో ఆపేసింది. మీ కార్డులో లోపమేమీ లేదు. ఫోన్‌లోగానీ కంప్యూటర్‌లోగానీ బ్రౌజరు తెరిచి, మీ ప్లేస్టేషన్ ఖాతాలోకి వెళ్లి, వ్యాలెట్‌లో డబ్బు వేయాలి. లేదా గిఫ్ట్ కార్డు కోడ్ కొని అక్కడే ఎక్కించాలి. ఆ డబ్బే పీఎస్3లో కనిపిస్తుంది. గేములు మాత్రం బ్రౌజరులో వెతికితే దొరకవు. వెబ్, మొబైల్ స్టోర్ల నుంచి పీఎస్3 గేములను 2020 అక్టోబరులోనే తీసేశారు. పీఎస్3లోనే స్టోర్ తెరిచి వెతకాలి. అదే పేరుతో ఫోన్‌లో గేము కనిపించిందంటే అది పీఎస్4 లేదా పీఎస్5 కోసం చేసిన కూర్పు అయి ఉంటుంది. పేరు చూసి కొనేస్తే మీ మెషీన్‌లో నడవదు. డబ్బు పోగొట్టుకునే ప్రమాదం ఇక్కడే ఉంది.

ఖాతా తెరిచేటప్పుడు దేశం ‘ఇండియా’ అనే పెట్టండి. తర్వాత మార్చడం కుదరదు. ఇండియా ఖాతాకు అమెరికా గిఫ్ట్ కార్డు పనిచేయదు. విదేశీ ఖాతా తెరిచి డాలర్లలో కొందామనుకుంటే బ్యాంకు మార్కప్, అంటే విదేశీ కరెన్సీ మీద వేసే అదనపు రుసుము, పడుతుంది. అది 3.5 శాతం ఉంటే వెయ్యి రూపాయల మీద 35, దాని మీద 18 శాతం జీఎస్టీ 6.30, మొత్తం 41.30 అదనం. డబ్బు ఎక్కించేటప్పుడు కార్డు తిరస్కరిస్తే బ్యాంకు యాప్‌లో ఆన్‌లైన్, అంతర్జాతీయ లావాదేవీల మీట ఆన్‌లో ఉందో లేదో చూడండి. పని అయ్యాక అంతర్జాతీయ మీట మళ్లీ ఆపేయండి.

గేము ధర ముందు పీఎస్3లో చూసి రాసుకోండి, తర్వాతే దానికి సరిపడా డబ్బు వేయండి. వ్యాలెట్‌లో పడిన డబ్బు బ్యాంకుకు తిరిగి రాదు. గేము 699 అయితే, వెయ్యి రూపాయల కార్డు ఎక్కిస్తే 301 అక్కడే ఇరుక్కుంటుంది. ఆ మిగులును వాడాలని అక్కర్లేని గేము కొనడం మామూలుగా జరిగే పనే. నెలకు 500 కాబట్టి రెండు మూడు నెలలది కూడబెట్టి ఒక గేము కొనండి. పొరపాటున వేరేది కొంటే డౌన్‌లోడ్ మొదలుపెట్టకండి. కొన్న 14 రోజుల్లోపు, డౌన్‌లోడ్ చేయకుండా ఉంటేనే వాపసు అడగవచ్చు.

ఖాతాకు రెండంచెల భద్రత (పాస్‌వర్డ్‌తో పాటు ఒక కోడ్ కూడా అడిగేది) తప్పకుండా పెట్టండి. పెట్టాక పీఎస్3లో మామూలు పాస్‌వర్డ్ పనిచేయదు, ‘పాస్‌వర్డ్ తప్పు’ అంటుంది. కంగారు పడి పదేపదే కొట్టకండి. వెబ్‌సైట్‌లో భద్రత విభాగంలో డివైస్ సెటప్ పాస్‌వర్డ్ అని ఇంకొకటి తయారవుతుంది, పీఎస్3లో దాన్నే కొట్టాలి.

పీఎస్3 వైఫై 2.4 గిగాహెర్ట్జ్‌ను మాత్రమే పట్టుకుంటుంది. ఫోన్ హాట్‌స్పాట్ 5 గిగాహెర్ట్జ్‌లో ఉంటే పేరే కనిపించదు, సెట్టింగులో మార్చండి. రౌటరు ఉంటే ల్యాన్ కేబుల్ వేయడం అన్నిటికంటే మేలు. డౌన్‌లోడ్ ఫైలు ఒకటి, ఇన్‌స్టాల్ అయ్యే గేము ఒకటి కాబట్టి హార్డ్ డిస్కులో గేము సైజుకు రెట్టింపు ఖాళీ ఉండాలి. 10 జీబీ గేముకు 20 జీబీ. ఒకనాటి పీఎస్1 గేములైతే ఒక సీడీకి 700 ఎంబీ లోపే ఉంటాయి. మొబైల్ డేటా మీద బతికే ఇంటికి అవి చక్కగా సరిపోతాయి. ఎండాకాలం సాయంత్రాలు ఈదురుగాలికి కరెంటు పోయే వేళ పెద్ద డౌన్‌లోడ్ పెట్టకండి. హార్డ్ డిస్కు పాడైతే గాబరా వద్దు. చాలా మోడళ్లలో అది మామూలు 2.5 అంగుళాల సాటా డిస్కే, స్క్రూలు విప్పి మార్చుకోవచ్చు. కొన్న గేములు ఖాతాలోని డౌన్‌లోడ్ జాబితా నుంచి మళ్లీ దించుకోవచ్చు. సేవ్ ఫైళ్లను మాత్రం ఫ్యాట్32లో ఫార్మాట్ చేసిన పెన్‌డ్రైవ్‌లోకి అప్పుడప్పుడు కాపీ చేసుకోండి.

ఆన్‌లైన్‌లో ఆడితే తప్ప పనికిరాని పాత గేము కొనకండి. ‘ది క్రూ’ అనే కార్ల గేము సర్వర్లను 2024 మార్చి 31న ఆపేశారు, డబ్బు పెట్టి కొన్నవాళ్లు కూడా దాన్ని ఆడలేకపోయారు. ఒక్కరే ఆడేవి, లేదా ఒకే టీవీ ముందు ఇద్దరు రెండు రిమోట్లు పట్టుకుని ఆడేవి చూసుకోండి. మీకు కావలసింది ఎలాగూ అదే కదా.

డిస్కు దొరికే గేముకు డిస్కే కొనమంటాను. 600కి కొన్న పాత డిస్కు ఆడాక 450కి అమ్ముడుపోయిందనుకోండి, మీ అసలు ఖర్చు 150. డిజిటల్‌లో అదే 600 అయితే మొత్తం ఖర్చే. రాయగడలో దొరకకపోతే వేరే పని మీద విశాఖ వెళ్లినప్పుడు చూడండి, డిస్కు కోసమే రైలెక్కితే మిగిలేదేమీ ఉండదు. వెనక వైపు వెలుతురులో పట్టి గీతలు చూడండి, వీలైతే షాపులోనే పెట్టించి ఒక లెవెల్ నడిచేదాకా ఉండండి. పీఎస్3 గేము డిస్కు ఏ దేశంలో కొన్నా దాదాపుగా ఆడుతుంది. కాకపోతే విదేశీ డిస్కుకు అదనపు భాగాలు ఇండియా స్టోర్‌లో కొంటే చాలాసార్లు కలవవు. డిస్కుకూ ఖాతాకూ ప్రాంతం ఒకటే కావాలి. పీఎస్2 డిస్కులు తొలినాటి కొన్ని మోడళ్లలోనే ఆడతాయి, వాటికి డబ్బు పెట్టే ముందు మీ మెషీన్ మోడల్ నంబరు సరిచూసుకోండి.

నెలవారీ చందాల గురించి మీరు అడగలేదు, ఎవరో ఒకరు చెబుతారు కాబట్టి రాస్తున్నాను. ప్లేస్టేషన్ ప్లస్ డీలక్స్ అనే సోనీ చందాలో పీఎస్1, పీఎస్2, పీఎస్‌పీ (చేతిలో పట్టుకుని ఆడే పాత సోనీ పరికరం) నాటి గేములు కొన్ని ఉన్నాయి, కానీ అవి పీఎస్4, పీఎస్5ల మీదే నడుస్తాయి. మీకు ఉపయోగం లేదు.

పదిహేను నెలలు గడిచి నిధి నిండాక కొత్త కన్సోల్ ఆలోచన వస్తే అప్పుడు నెలనెలా పక్కకు తీసే ఆ 3,500ను ఇటు తిప్పి, పూర్తి డబ్బు కూడాక కొనండి. పాత గేములే ముఖ్యమైతే ఎక్స్‌బాక్స్ సిరీస్ రకాలు కూడా చూడండి. పాత ఎక్స్‌బాక్స్, 360 గేములు 600కు పైగా వాటిలో నడుస్తాయి, 360 స్టోర్ మూసినా కొత్త కన్సోల్ స్టోర్‌లో అవి ఇంకా కొనవచ్చు. సిరీస్ ఎస్‌లో మాత్రం డిస్కు పెట్టే చోటే లేదు.

అబ్బాయికి మీ ఖాతా ఇవ్వకండి. కుటుంబ విభాగంలో పిల్లల ఖాతా తెరిచి, నెలవారీ ఖర్చు పరిమితి సున్నాగానే ఉంచండి. మీ ఖాతాలో కొనే ప్రతిసారీ పాస్‌వర్డ్ అడిగేలా పెట్టండి. ఆ పాస్‌వర్డ్‌ను పీఎస్3లో సేవ్ చేయకండి.