గురి తప్పిన డేగ

పాఠకుల ప్రశ్నలు – పక్షుల మాస్టారి జవాబులు

బొబ్బిలి నుంచి ఓ యువ రచయిత: మాస్టారూ, నా కథలో ఒక డేగ ఉంది. వేగావతి ఒడ్డున ఆకాశంలోంచి కీచుమని అరుస్తూ బాణంలా దిగి, మేకపిల్లను తన్నుకుపోతుంది. ఆ డేగ మా ఊరి వడ్డీ వ్యాపారికి ప్రతీక. పత్రికవాళ్లు "సహజంగా లేదు" అని తిప్పి పంపారు. తప్పెక్కడుంది?

వడ్డీ వ్యాపారి సహజంగానే ఉన్నాడు బాబూ. నాకు తెలిసిన ఒకాయన్ని చూసి రాశావేమో అనిపించింది కూడా. సహజంగా లేనిది డేగే.

మన ఊళ్లలో తోటల్లో, ఇళ్ల మధ్య కనిపించేది చిన్న డేగ. ఇంగ్లీషులో షిక్రా అంటారు. పావురమంత పిట్ట, పావుకిలో తూగితే గొప్ప. అది మేకపిల్లను మోసుకుపోవడమంటే నువ్వు మీ ఇంటి బీరువాను పళ్లతో కరిచి మేడెక్కడమే. పైగా అది ఆకాశంలోంచి దూకే రకం కాదు. ఆకుల చాటున కొమ్మ మీద కూర్చుంటుంది, కింద తొండో ఎలుకో కదిలేదాకా చూస్తుంది, నేలబారుగా వెళ్లి మీద పడుతుంది. రెక్కలు ముడుచుకుని రాయిలా పడేది బైరిడేగ, ఇంగ్లీషులో పెరెగ్రిన్. గంటకు 300 కిలోమీటర్లు దాటే వేగం అంటారే, అది దాని సొత్తు. అదైనా ఎగిరే పక్షుల్ని గాల్లోనే కొడుతుంది, మేకల జోలికి రాదు.

ఇక ఆ కీచు. సినిమాల్లో గద్ద కనపడగానే పొడుగ్గా ఒక అరుపు వినిపిస్తుంది చూడు, అది చాలాసార్లు అమెరికాలో ఉండే ఎర్రతోక డేగ గొంతు. తెర మీద ఏ పక్షి ఉన్నా అదే అతికిస్తారు. మన చిన్న డేగ "కిక్కీ, కిక్కీ" అని రెండు ముక్కల్లో పిలుస్తుంది, అదీ వేటలో లేనప్పుడు. దొంగతనానికి బయల్దేరినవాడు ఈల వేసుకుంటూ పోడు కదా. ఈ పిలుపును పసులపోలిగాడు అనే నల్లపిట్ట నేర్చుకుంటాడు. తను డేగలా కూసి, గోరింకలు బెదిరి లేచిపోగానే అవి వదిలేసిన పురుగును కొట్టేస్తాడు. వడ్డీ వ్యాపారికి ప్రతీకే కావాలనుకుంటే నేనైతే వీడిని పెట్టేవాణ్ణి.

అసలు నాకు అభ్యంతరం వీటిమీద కాదు. ఇవన్నీ రెండు వాక్యాల్లో దిద్దుకోవచ్చు. నీ డేగ గురి తప్పలేదు, అదీ సంగతి.

మాది శ్రీకాకుళంలో నాగావళికి దగ్గర్లో పాత మేడ. పక్కింటి వేపచెట్టు మీద ఒక ఆడ డేగ వాలుతుంది. ఆడదని ఎలా తెలుసంటే, వేటపక్షుల్లో ఎక్కువగా ఆడదే పెద్దది. జంట పక్కపక్కన కూర్చున్న రోజు తేలిపోతుంది. పోయిన సంక్రాంతికి ముక్కనుమ నాడు వీధి వీధంతా మసాలా వాసన. నేను మేడ మీద కుర్చీ వేసుకుని దాన్ని చూస్తున్నాను. మొదటిసారి ఉడత మీదకు వెళ్లింది. ఉడత కొమ్మ చుట్టూ అటువైపు తిరిగింది, అంతే. రెండోసారి పిచ్చుకల గుంపు మీదకు వెళ్తే గుంపంతా గోరింట పొదలోకి దూరింది. మూడోసారి ఇంకా చెట్టు దిగకుండానే కాకులు మూగాయి. నాలుగోసారి మా నీళ్ల ట్యాంకు పక్కన ఎండలో ఉన్న తొండ మీద పడింది, నాకు ఆరడుగుల దూరంలో. తొండ పైపు సందులోకి పోయింది. డేగ సిమెంటు మీద ఒంటికాలి మీద నిలబడి, రెండో కాలి గోళ్లు విప్పి, అందులో ఏమైనా ఉందేమోనని తల వంచి చూసుకుంది. పసుపుపచ్చ కళ్లు. అంత దగ్గరగా మళ్లీ ఎప్పుడూ చూడలేదు. ఐదోసారి ఏమైందో చెప్పలేను, మా ఆవిడ భోజనానికి పిలిచింది. మాంసం వండింది ఆ రోజు. తింటున్నంతసేపూ ఏదోలా ఉంది.

మన కథల్లో డేగ దూకిందంటే దొరికినట్టే. అందుకే అది ఎప్పుడూ ప్రతినాయకుడే. ఆకలి లేదు, కాలి గోళ్ల మధ్య ఖాళీ లేదు, గూట్లో పిల్లలు లేవు. చిత్రమేమిటంటే మన పాతవాళ్లు ఈ పొరపాటు చేయలేదు. పావురాన్ని కాపాడిన రాజు కథ భారతం అరణ్యపర్వంలో ఉశీనరుడి పేరుతో ఒకసారి, శిబి పేరుతో ఒకసారి వస్తుంది. చిన్నప్పుడు మనకు తొడ కోసిచ్చిన రాజును మాత్రమే చెప్పారు. ఉశీనరుడి కథలో డేగ ఎంత వాదిస్తుందో చూడు. నా తిండి నువ్వు లాక్కుంటే నేను చస్తాను, నేను చస్తే నా పెళ్లాం పిల్లలు చస్తారు, ఒక్క పావురాన్ని కాపాడి ఇంతమందిని చంపుతావా అంటుంది. ఇంకో ధర్మానికి అడ్డుపడే ధర్మం ధర్మమే కాదని రాజుకే నీతి చెబుతుంది. ఆ డేగ ఇంద్రుడే అనుకో, అయినా మాట్లాడింది ఆకలే.

కాబట్టి బాబూ, మేకపిల్లను తీసేసి కోడిపిల్లను పెట్టు. డేగను కనీసం రెండుసార్లు గురి తప్పనియ్యి. ప్రతీక అన్న మాట కాగితం మీంచి కొట్టేసి, కథ మళ్లీ పంపు. నేను చదువుతాను.

విజయనగరం నుంచి ఓ పాఠకుడు: మా తాతయ్య డేగ అంటే ఎర్ర పుంజు అంటారు. మీరు పిట్ట అంటున్నారు. ఎవరి మాట రైటు?

ఇద్దరిదీ. పందెం కోళ్ల లెక్కలో కాకి, నెమలి, డేగ, ఇవన్నీ ఈకల రంగుల పేర్లు. ఎర్రటిది డేగ. తాతయ్యతో వాదం పెట్టుకోకండి. నన్ను మాత్రం పందేనికి పిలవొద్దు.

శ్రీకాకుళం నుంచి ఓ డిగ్రీ విద్యార్థిని: ఇంగ్లీషులో ఒక్క డేగ మీద పుస్తకాలకు పుస్తకాలు రాశారు. మనకెందుకు లేవు మాస్టారూ? మొదట ఏది చదవమంటారు?

బేకర్ రాసిన 'ది పెరెగ్రిన్' చదువమ్మా. 1967లో వచ్చింది. ఇంగ్లండులో ఎసెక్స్ ప్రాంతంలో సైకిలు మీదా కాలినడకనా బైరిడేగల వెంట పడ్డాడాయన. పది చలికాలాలు చూసినదాన్ని ఒకే చలికాలపు డైరీగా, అక్టోబరు నుంచి ఏప్రిల్ దాకా, కుదించి రాశాడు. కథ అంటూ ఏమీ ఉండదు. పక్షి కనిపించింది, పోయింది, చంపింది, తప్పింది. కొన్ని పేజీల్లో ఉపమానాలు మరీ ముసురుకుంటాయి, నాకు విసుగు పుట్టి పక్కన పెట్టిన రోజులున్నాయి. మళ్లీ తీశాను.

ఆ పుస్తకం కింద ఒక భయం ఉంది. డీడీటీ లాంటి పురుగుమందులు పురుగులోంచి పిట్టకూ, పిట్టలోంచి డేగకూ చేరి, డేగ గుడ్డు పెంకును పల్చన చేశాయి. తల్లి పొదగడానికి కూర్చుంటే ఆ బరువుకే గుడ్డు చితికేది. రాట్‌క్లిఫ్ అనే శాస్త్రజ్ఞుడు పాతకాలపు సేకరణల్లో దాచిన గుడ్లతో కొత్త గుడ్లను పోల్చి, పెంకు ఎంత తగ్గిందో 'నేచర్' పత్రికలో చూపించిందీ 1967లోనే. బేకర్ ఇక ఈ పక్షి మిగలదనుకునే రాశాడు. అదృష్టం, ఆయన అంచనా తప్పింది. ఆ రోజుల్లో మా ఊళ్లో ఎండ్రిన్ పురుగుమందు డబ్బాలు కడిగి కిరసనాయిలు పోసుకునేవాళ్లం. మన గుడ్ల పెంకులు ఎవరు చూశారు?

మనకు లేవన్నావు. పుస్తకాలు లేవేమో గానీ పేర్లున్నాయి. సాళువ నరసింహరాయల ఇంటిపేరులోనే వేట డేగ కూర్చుని ఉంది, సాళువమంటే అదే. జెర్డన్ అనే కంపెనీ సైన్యపు డాక్టరు 1836లో మద్రాసులో దిగి, మొదట్లో పనిచేసింది గంజాం వైపు. మన శ్రీకాకుళం అప్పట్లో గంజాం జిల్లాలోదే. తర్వాత 1862–64లో భారతదేశపు పక్షుల మీద పెద్ద పుస్తకం వేస్తూ తెలుగు పేర్లు కూడా చేర్చాడు. అవి ఆయనకు చెప్పినవాళ్లు పిట్టల వలలు భుజాన వేసుకు తిరిగే మనవాళ్లే అయ్యుండాలి.

ఒక పని చెయ్యి. కథకుడు కాళీపట్నం రామారావు, అదే మన కారా మాస్టారు, 1997లో పెట్టిన తెలుగు కథల గ్రంథాలయం కథానిలయం మనూళ్లోనే ఉంది. వెళ్లి, కథల్లో డేగ ఎక్కడెక్కడ పోలికగా కాక పిట్టగా కనిపిస్తుందో రాసుకో. నేను మొదలుపెట్టి, కళ్లజోడు నంబరు మారాక ఆపేశాను.

రాజాం నుంచి ఓ తండ్రి: మా గుంటడు డేగను పెంచిన ఇంగ్లీషు కుర్రాడి నవల చదివాడు. పెరట్లో డేగ పిల్ల పడింది. "దీన్ని పెంచుతాను నాన్నా" అని ఒకటే గోల. పెంచనివ్వొచ్చా?

వద్దండీ. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. అదలా ఉంచండి, ఆ పిల్ల తప్పిపోయి ఉండకపోవచ్చు కూడా. ఈకలు వచ్చిన పిల్లలు గూడు వదిలి ఎగరడం నేర్చుకునేటప్పుడు ఇలా నేల మీద పడతాయి, తల్లిదండ్రులు దగ్గర్లోనే ఉండి తినిపిస్తాయి. పిల్లికీ కుక్కకీ అందని కొమ్మ మీద పెట్టి దూరంగా ఉండండి. గాయం కనిపిస్తే చిల్లులు పెట్టిన అట్టపెట్టెలో ఉంచి అటవీశాఖవాళ్లకు చెప్పండి. పాలన్నం మాత్రం పెట్టకండి, దయచేసి.

మీవాడు చదివింది బారీ హైన్స్ 1968లో రాసిన 'ఎ కెస్ట్రెల్ ఫర్ ఎ నేవ్' నవల అయ్యుంటుంది. బొగ్గుగనుల ఊరి కుర్రాడు, కెస్ట్రెల్ అనే బుల్లి వేటపక్షి. ఎవరి హోదాకు ఏ పక్షి తగునో 1486 నాటి ఒక ఇంగ్లీషు పుస్తకంలో పట్టీ ఉంది, చక్రవర్తికి గద్ద నుంచి మొదలుపెట్టి. అలాంటి పాత పట్టీల మాటల్లోంచే ఈ నవల పేరు పుట్టింది: అలగా కుర్రాడికి కెస్ట్రెల్ చాలునని. పుస్తకం చివరిదాకా చదివాడా అని అడగండి. చదివి కూడా పెంచుతానంటే నాకు ఫోన్ ఇవ్వమనండి.

నరసన్నపేట నుంచి ఓ రైతు: వరి కోతలయ్యాక మా పొలాల మీద ఒక పిట్ట గాల్లో ఉన్నచోటే నిలబడి రెక్కలాడిస్తోంది. ఏటది మాస్టారూ? ఫొటో పంపుతున్నాను.

రెండిట్లో ఒకటండీ. తెల్లగా, భుజం మీద నల్ల మచ్చతో, కన్ను ఎర్రగా ఉంటే అడవి రామదాసు. నీళ్ల మీద ఎగిరే తెల్లటి రామదాసు పిట్టను పోలి ఉంటుందని ఆ పేరు. ఏడాదంతా మనతోనే ఉంటుంది. వీపు ఇటుక రంగులో, తోక పొడుగ్గా ఉంటే పైన చెప్పిన కెస్ట్రెలే, చలికాలానికి వచ్చిన చుట్టం. రెండూ మీ ఎలుకల కోసమే నిలబడతాయి, తరమకండి. ఫొటోలో ఏదో తేల్చుదామని భూతద్దం పెట్టి చూశాను. కరెంటు తీగ చక్కగా వచ్చింది. పిట్ట ఎగిరిపోయాక నొక్కినట్టున్నారు.