హైకోర్టులో గెలిచినా నాన్నకు డబ్బు రాలేదు. లా చదవనా?

ప్రశ్న: మాది గాజువాక. బీకాం ఫైనలియర్ చదువుతున్నాను. నాన్న రిటైర్మెంట్ బకాయిలు ఎనిమిది వారాల్లో చెల్లించమని హైకోర్టు ఆర్డరిచ్చింది. గడువు తీరి పది నెలలైనా ఆఫీసులో ఫైలు కదల్లేదు. ఇది చూశాక కోర్టు ధిక్కరణ కేసులు వేసే లాయర్నవ్వాలనుంది. నాన్నేమో బ్యాంకు కోచింగులో చేరమంటున్నారు.

జవాబు: అమ్మా, నీ చదువు కంటే ముందు ఆ పది నెలల సంగతి చూడాలి. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం 20వ సెక్షన్ ప్రకారం ఉల్లంఘన జరిగిన ఏడాదిలోపే కేసు వేయాలి. మీకు మిగిలింది రెండు నెలలు. ఈ వారమే నాన్నగారితో కలిసి లాయరు దగ్గరికి వెళ్లు. ఆర్డరు సర్టిఫైడ్ కాపీ, దాన్ని ఆఫీసుకు పంపిన పోస్టల్ రసీదు, అందినట్టు వచ్చిన అక్నాలెడ్జ్‌మెంటు తీసుకెళ్లు. ఆర్డరు సంగతి అధికారికి తెలుసని చూపించేవి అవే.

ఈ పనిలో ఎక్కువ భాగం ఇలాంటి కాగితాలూ తేదీలే. ధిక్కరణ రుజువైతే శిక్ష ఆరు నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. కానీ అధికారి కావాలనే ఆర్డరు పాటించలేదని తేలాలి. నోటీసు అందాక డబ్బు జమచేసి, అమలు చేశామని అఫిడవిట్ వేస్తే కేసు మూసేయడం మామూలే. అది ఓటమి కాదు, నాన్నగారికి కావలసింది ఆ డబ్బే కదా! 'అప్పీలుకు వెళ్లాం' అని తప్పించుకోబోతే స్టే ఉందా అని అడగాలి. స్టే లేకుండా అప్పీలొక్కటే అడ్డు కాదు. హైకోర్టు మాట కాదని గుంటూరు జిల్లాలో గుడిసెలు కూల్చిన అప్పటి తహసీల్దారు, డిప్యూటీ కలెక్టరయ్యాక కూడా తప్పించుకోలేకపోయారు. 2025 మేలో సుప్రీంకోర్టు ఆయన్ని మళ్లీ తహసీల్దారుగా దించింది.

ఇక చదువు. డిగ్రీ కాగానే లా కోర్సు ప్రవేశ పరీక్ష లాసెట్ రాస్తే మూడేళ్ల ఎల్ఎల్‌బీ. ఆంధ్రా యూనివర్సిటీ లా కాలేజీ మీకు దగ్గరే. తర్వాత బార్ కౌన్సిల్‌లో ఎన్‌రోల్‌మెంటు (లాయరుగా పేరు నమోదు), ఆలిండియా బార్ పరీక్ష. ధిక్కరణ కేసులొక్కటే చేస్తానంటే కుదరదు. రిట్లు (ప్రభుత్వ చర్యలపై హైకోర్టులో వేసే కేసులు), సర్వీసు కేసులు (ఉద్యోగుల జీతం, పెన్షన్ లాంటివి) బాగా చేసేవాళ్ల దగ్గరికే ఇవీ వస్తాయి. హైకోర్టు అమరావతిలో ఉంది కాబట్టి విశాఖలో ఉంటూ చేస్తే రాత్రి రైళ్లు తప్పవు. మొదటి రెండు మూడేళ్లు సంపాదన బాగా తక్కువ, ఇంట్లో ఆ మాట ముందే చెప్పు.

నాన్నగారి కోరిక కూడా దీనికి దూరం కాదు. బ్యాంకు ఉద్యోగాల పరీక్షలు పెట్టే ఐబీపీఎస్ భర్తీ చేసే స్పెషలిస్ట్ ఆఫీసర్లలో లా ఆఫీసర్ పోస్టులుంటాయి, వాటికి ఎల్ఎల్‌బీ, ఎన్‌రోల్‌మెంటు కావాలి. స్టీల్‌ప్లాంటు, పోర్టు లాంటి సంస్థలకూ లా తెలిసినవాళ్లు కావాలి. కోర్టు ఆర్డర్లు గడువులోపు అమలయ్యేలా చూడటం వాళ్ల పనే. మీ నాన్నగారి ఆఫీసులో అలాంటి మనిషి ఒక్కరుంటే ఈ పది నెలలు పోయేవి కావు.

లాయరు ఒప్పుకుంటే నాన్నగారి ధిక్కరణ కేసు అఫిడవిట్ రాసేటప్పుడు పక్కన కూర్చో. తేదీలు, రసీదులు వరస పెట్టే పని విసుగనిపించకపోతే లాసెట్‌కు దరఖాస్తు చెయ్యి.