కరివేపాకు, నిమ్మ ఆకుల్ని తినేస్తున్న పచ్చ పురుగులకు ఏ మందు కొట్టాలి?

మిద్దెతోటలో ఆకులన్నీ అంచుల వెంట కొరికేసి ఉంటున్నాయని, చూడ్డానికి అసహ్యంగా ఉందని రాశారు. దయచేసి ఏ మందూ కొట్టకండి. మీరు చెప్పిన గుర్తుల్ని బట్టి అవి సీతాకోకచిలుక పిల్లలు.

మా కుండీల్లోనూ వానలు పడి చిగుళ్లు రాగానే ఇవి వచ్చేస్తాయి. లేత ఆకు మీద ఆవగింజంత పసుపు గుడ్డు విడిగా ఒక్కటే ఉంటుంది. దాంట్లోంచి వచ్చే పురుగు మొదట్లో నలుపు, తెలుపు కలిసి అచ్చం పిట్టరెట్టలా కనిపిస్తుంది. అందుకే పిట్టలు పట్టించుకోవు. పచ్చరంగు చివరి దశలోనే వస్తుంది. అప్పుడు వేలితో మెల్లగా తాకి చూడండి, తల వెనక నుంచి నారింజ రంగు కొమ్ములు రెండు పైకి లేచి ఘాటు వాసన వస్తుంది. భయపడక్కర్లేదు, కుట్టదు. నిమ్మ, బత్తాయి, మారేడు, కరివేపాకు అన్నీ ఒకే కుటుంబం మొక్కలు కాబట్టి వీటి మీదే తల్లి సీతాకోకచిలుక గుడ్లు పెడుతుంది.

పూల మీద సీతాకోకచిలుకలు వాలాలి, ఆకుకి మాత్రం చిల్లు పడకూడదు అంటే కుదరదండీ. తేనె ఏ పువ్వులో దొరికినా తాగుతుంది గానీ, దాని పిల్లకి తనదైన ఆకే కావాలి. నల్లంచు నారింజ రెక్కల సీతాకోకచిలుకకి జిల్లేడు జాతి మొక్కలు కావాలి. ఖాళీ స్థలం శుభ్రంగా కనపడాలని మనం ముందు పీకేసేది ఆ జిల్లేడునే! అపార్ట్‌మెంట్ల ముందు డ్యురాంటా అనే పూలమొక్కల కంచెని నున్నగా కత్తిరిస్తూనే ఉంటారు, పాపం దానికి పూసే అవకాశమే రాదు. చూసినప్పుడల్లా నాకు బాధేస్తుంది. తేనెపిట్టలు కూడా గూట్లో పిల్లలకి పురుగులే పెడతాయి. మచ్చలేని తోటలో వాటికేం దొరుకుతుంది?

మీ నిమ్మ మరీ చిన్న మొక్క అయితే పురుగున్న ఆకుని తుంచి పెద్ద కరివేపాకు చెట్టు మీద పెట్టండి, చిన్నదానికి దోమతెర కప్పండి. వేపనూనె కూడా ఈ పురుగుల్ని దెబ్బతీస్తుంది, వద్దు. పెద్ద మొక్క తట్టుకుంటుంది. పురుగులు వెళ్లిపోయాక కొమ్మల చివర్లు కత్తిరించి, కాస్త పశువుల ఎరువు వేసి నీళ్లు పోయండి, మళ్లీ చిగురిస్తుంది. చోటుంటే ఇంకో కరివేపాకు మొక్క పెట్టుకోండి, వంటకి ఒకటి, వీటికి ఒకటి.