అడగండి చెబుతాం: ఎవరీ బార్బరా లోడెన్?

ప్రశ్న: అన్నా, మేం నలుగురం కలిసి షార్ట్ ఫిలిం తీద్దామనుకుంటున్నాం. కథ నాదే, మెయిన్ క్యారెక్టర్ కూడా నేనే వేస్తా. డైరెక్షన్ కూడా నేనే చేస్తానంటే మాత్రం ‘నీతో కాదు’ అంటున్నారు. ఇట్లా చేసినవాళ్లు ఎవరైనా ఉన్నారా?
– డిగ్రీ విద్యార్థిని, మిర్యాలగూడ

జవాబు: ఎందుకు లేరు చెల్లె! బార్బరా లోడెన్ అని ఒకామె. సినిమా పిచ్చి ఉన్నవాళ్లలో కూడా చాలామందికి ఈ పేరు తెలీదు. 1932లో నార్త్ కరోలినాలో పుట్టింది, న్యూయార్క్ పోయి క్లబ్బుల్లో డ్యాన్స్ చేసింది, టీవీ కామెడీ షోలో కనబడింది, 1964లో ఆర్థర్ మిల్లర్ నాటకంలో వేషానికి అమెరికా నాటకరంగంలో పెద్ద బహుమతైన టోనీ అవార్డు కూడా కొట్టింది. అయినా సినిమాల్లో చెప్పుకోదగ్గ వేషాలు పెద్దగా రాలేదు. 1970లో ‘వాండా’ తనే రాసి, తనే తీసి, తనే నటించింది. యూనిట్ మొత్తం వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. కెమెరా, ఎడిటింగ్ రెండూ నికోలస్ ప్రొఫెరెస్ ఒక్కడివే. 16 ఎంఎం అనే సన్నటి ఫిలిం మీద తీసి, తర్వాత థియేటర్లలో వాడే 35 ఎంఎంకి పెంచారు. మైఖేల్ హిగ్గిన్స్‌లాంటి నటులు ఒకరిద్దరే, మిగతా చాలామంది పెన్సిల్వేనియా బొగ్గు గనుల దగ్గరి మామూలు జనం.

కథేంటంటే, వాండా జుట్టుకు కర్లర్లు చుట్టుకునే కోర్టుకు లేటుగా వస్తుంది, పిల్లలు మొగుడి దగ్గరుంటేనే మేలని జడ్జికి చెప్పేసి వెళ్లిపోతుంది, తర్వాత ఒక దొంగ వెంట పడుతుంది. వాడు తిడతాడు, కొడతాడు, ఆమె వెంటే తిరుగుతుంది. వాడి మీద తిరగబడదు, మారదు, చివరికి గెలవదు కూడా. నాకు నచ్చింది అదే. మన సినిమాల్లోనైతే ఇంటర్వెల్‌కే చెంప పగలగొట్టించేవాళ్లు! నల్లటి బొగ్గు కుప్పల మధ్య తెల్లబట్టల్లో ఆమె దూరంగా నడిచే షాట్ ఒకటుంది, చాలాసేపు ఉంటుంది, కట్ చేయరు. మీరు కూడా హైదరాబాద్ లొకేషన్ల కోసం టెన్షన్ పడకండి, మీ రైసుమిల్లుల దగ్గర లారీలు తిరిగే రోడ్డు చాలు.

ప్రశ్న: ఆమె భర్త ఎలియా కజాన్ పెద్ద డైరెక్టర్ కదా, వెనకుండి ఆయనే తీయించాడేమో?
– ఒక పాఠకుడు, మహబూబ్‌నగర్

జవాబు: తమ్ముడూ, ఆయన సినిమా ఒకటి, ఇదొకటి పక్కపక్కన పెట్టి చూడు. ఆయనది స్టూడియో పనితనం, డ్రామా కట్టుదిట్టంగా ఉంటుంది. ఇక్కడ కెమెరా చేతిలో ఊగుతుంటుంది, మాటలు మధ్యలోనే ఆగిపోతాయి. ఆడవాళ్లు ఏం చేసినా వెనక మగాణ్ని వెతకడం మనకు అలవాటైపోయింది.

ప్రశ్న: మరి ఇంత మంచి సినిమా ఎందుకు మరుగున పడింది?
– ఒక పాఠకురాలు, నల్లగొండ

జవాబు: వెనిస్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో బహుమతి వచ్చింది కానీ అమెరికాలో సరిగ్గా రిలీజే కాలేదమ్మా. ఇంకో ఫీచర్ సినిమా తీయకుండానే 1980లో క్యాన్సర్‌తో పోయింది, 48 ఏళ్లకే. ఒరిజినల్ రీళ్లు ఏళ్ల తరబడి ఒక ల్యాబ్‌లో పడున్నాయి, ఆ ల్యాబ్ మూసేసేటప్పుడు దొరికితే యూసీఎల్‌ఏ (లాస్ ఏంజెలెస్‌లోని కాలిఫోర్నియా యూనివర్సిటీ) వాళ్లు బాగుచేసి 2010లో మళ్లీ చూపించారు. 2017లో అమెరికా నేషనల్ ఫిల్మ్ రిజిస్ట్రీలోకి, అంటే భద్రంగా దాచుకోవాల్సిన సినిమాల జాబితాలోకి ఎక్కింది. మిర్యాలగూడ చెల్లె, నువ్వు కూడా ఫుటేజీని రెండు హార్డ్ డిస్కుల్లో పెట్టుకో, ఒకటి ఇంట్లో, ఒకటి దోస్తు దగ్గర.