సరిపోద్ది అన్నాను, సరిపోలేదు

మీ ప్రశ్న: "మా అమ్మాయి ఎనిమిదో తరగతి. బాస్కెట్‌బాల్ జట్టు రెండు పాయింట్ల గోల్స్ కొన్ని, మూడు పాయింట్ల గోల్స్ కొన్ని వేసి కనీసం 50 పాయింట్లు తెచ్చుకోవాలి, అసమీకరణం రాయండి అంటే ప్రతిసారీ గుర్తు తిరగేస్తోంది. ఎలా చెప్పాలి?"

ముందు పిల్లని తిట్టకండి. సగం తప్పు మన మాటలదే. "కనీసం" అనగానే పిల్లల చెవికి "తక్కువ" అని వినిపిస్తుంది, ≤ పెట్టేస్తారు. "50కి తగ్గకుండా" అంటే "తగ్గ" దగ్గరే ఆగిపోతారు. "మించకుండా" అంటే "మించ" కనిపించి ≥ వేస్తారు. ఆమదాలవలసలో ట్యూషన్ చెప్పిన రోజుల్లో ఈ మూడు మాటల దగ్గర పడనివాడు నాకు ఒక్కడూ కనిపించలేదు.

నేనూ పడ్డాను, అదీ ఊరందరి ముందు. ఇంటర్ ఎంపీసీలో ఉన్నాను, లెక్కల్లో నన్ను మించినవాడు లేడని పొగరు. సంక్రాంతికి మా ఊళ్ళో కబడ్డీ పోటీలు. కోతలైపోయిన మడిలో సున్నంతో గీతలు గీసి, నాలుగు ట్యూబ్‌లైట్లు కట్టారు. మేమూ పక్క ఊరివాళ్ళూ గెలుపుల్లో సమానం, సెమీస్‌కి ఒక్క జట్టే వెళ్ళాలి. ఇక తేడా చూస్తారు, అంటే అన్ని ఆటల్లో తెచ్చుకున్న పాయింట్లలోంచి ఇచ్చుకున్నవి తీసేస్తే మిగిలేది. వాళ్ళ తేడా 17, మాది 6, మాకు ఇంకో ఆట మిగిలి ఉంది. స్కోరు పుస్తకం నా చేతిలో ఉంది. "6 + ఎక్స్ ≥ 17, పదకొండుతో గెలిస్తే చాలు" అని అందరికీ చెప్పాను.

ఆఖరి రైడ్‌కి 38-27, సరిగ్గా పదకొండు. రైడర్ మా పెదనాన్నగారి అబ్బాయి. నడి గీత దగ్గర నిలబడి నా వైపు చూశాడు. "ఏటిరా, సరిపోద్దా?"

"సరిపోద్ది అన్నయ్యా, ఊరికే ఎళ్ళి వచ్చీ."

బాక్ లైన్ (అవతలి కోర్టులో రైడర్ దాటి తీరాల్సిన గీత) దాటి, కూత పెడుతూ ముప్పై సెకన్లు గడిపి, ఎవరినీ ముట్టకుండా వచ్చేశాడు. కేకలు, ఈలలు. అప్పుడు నిర్వాహకుడు మైకులో చెప్పాడు: రెండు జట్ల తేడా 17, టాస్ వేస్తాం. బొమ్మ అడిగాం, బొరుసు పడింది.

అసలు బాధ ఏమిటంటే, అవతల కోర్టులో ఆరుగురున్నారు. ఆరుగురు గానీ అంతకన్నా ఎక్కువ గానీ ఉంటే బోనస్ ఉంటుంది. వెనక కాలు గాల్లో ఉంచి ముందు కాలు బోనస్ గీత అవతల పెడితే ఒక పాయింటు. అలాంటివి రోజూ తెచ్చేవాడు మా అన్నయ్య. నేను ≥ బదులు > రాసి ఉంటే, "ఇంకొకటి కావాలి" అని అరిచేవాణ్ణి. ఇప్పటికీ కనుమ నాడు నా ఆకులో గారెలు వేస్తూ "సరిపోద్దా?" అంటాడు.

అందుకే నా లెక్కలో, సమానమైతే ఏమవుతుందో ఆ ఆటని అడగాలి. పుస్తకం ఆ సంగతి చెప్పదు. 2000 సిడ్నీ ఒలింపిక్స్ వెయిట్‌లిఫ్టింగ్ చూడండి. మా ఊసవానిపేట కరణం మల్లీశ్వరి 69 కిలోల విభాగంలో స్నాచ్ (ఒక్క ఊపులో ఎత్తేది) 110, క్లీన్ అండ్ జెర్క్ (భుజాల దాకా తెచ్చి, ఆపైన ఎత్తేది) 130, మొత్తం 240 ఎత్తి కాంస్యం తెచ్చారు. స్వర్ణం, రజతం తెచ్చుకున్న ఇద్దరిదీ 242.5 కిలోలే! సమానమైతే ఒంటి బరువు తక్కువున్నవారిది పైచేయి, అప్పటి నిబంధన అది. ఎవరి బరువుతోనూ పని లేకుండా స్వర్ణం రావాలంటే, క్లీన్ అండ్ జెర్క్‌లో ఎత్తాల్సింది ఎక్స్ అనుకుంటే, 110 + ఎక్స్ > 242.5, అంటే ఎక్స్ > 132.5. మరి 133 చాలా? అప్పట్లో బార్ మీద బరువు రెండున్నర కిలోల చొప్పున పెరిగేది, కాబట్టి 135 ఎత్తాలి. 2005 నుంచి కిలో చొప్పున పెంచుకోవచ్చు, ఇప్పుడైతే 133 చాలు. అసమీకరణం అదే, జవాబు మారిపోయింది. ఆవిడ ఆఖరి ప్రయత్నానికి 137.5 పెట్టించారు, లేవలేదు. ఇంట్లో కూర్చుని ఆ లెక్క వేయడం ఎవరికైనా తేలికేలెండి.

ఇంకో కడుపుమంట. మా పల్లెల్లో బాస్కెట్‌బాల్ బోర్డు ఎంతమంది పిల్లలు చూసుంటారు? కబడ్డీ నిండా అసమీకరణాలే కదా! బోనస్‌కి ఆరుగురికి తగ్గకూడదు, సూపర్ టాకిల్‌కి (కొద్దిమందే మిగిలి రైడర్‌ని పట్టేస్తే వచ్చే అదనపు పాయింటుకి) ముగ్గురికి మించకూడదు. వీటి మీద లెక్క ఒక్కటి ఇస్తే ఏం పోయింది? గుర్తు తప్పేవాడు అరుగు మీదే దొరికిపోతాడు.

మీ లెక్కకి వస్తే, 2 ఎక్స్ + 3 వై ≥ 50. ఎక్స్, వై సున్నా గానీ ధన పూర్ణ సంఖ్యలు గానీ కావాలి, అర గోల్ ఎవరూ వేయరు. కానీ ఇది అమ్మాయికి చెప్పకండి. రెండూ పది పది వేసి చూడమనండి, సరిగ్గా 50 వస్తుంది. ఆ జట్టు అనుకున్నది సాధించినట్టా కాదా అని అడగండి. ఏమంటుందో కింద రాయండి.