పిలుపుమంట రాస్తున్న అమ్మాయికి

బ్రాడీపేట, గుంటూరు

అమ్మాయీ,

నీ నవల మొదటి ఆరు అధ్యాయాలు చదివాను. విజయవాడ నుంచి గుంటూరు ఎంత దూరమని కొరియర్‌లో పంపావు? నువ్వే తెచ్చి ఇచ్చి ఉంటే ఇంత ఉత్తరం రాసే పని తప్పేది. అయితే ఎదురుగా కూర్చుంటే మొహమాటానికి సగమే చెప్పేవాణ్ణి. ఒకందుకు ఇదే నయం.

నీ పిలుపుమంట నాకు నచ్చింది. గాలివాటాన్ని బట్టి కాక, చప్పుడును బట్టి కదిలే మంట. పొలం గట్టు మీద నుంచి తల్లి కొడుకును అన్నానికి పిలవడం, దూరాన ఉన్న మంట ఆ పిలుపు వైపు తిరగడం చదివి కాగితాలు పక్కన పెట్టేశాను. కాసేపు చదవబుద్ధి కాలేదు. అది నీ గెలుపు. కానీ మూడో అధ్యాయానికి వచ్చేసరికి ఆ మంట మనసులోని మాటలు కూడా వింటోంది. నాలుగులో కోటగోడను కరిగించింది. ఐదులో ఏడు రంగులు మార్చింది. ఆరులో రాజవంశం మీద పగ కూడా పట్టింది. నువ్వు ఒక్కో శక్తినీ చేర్చిన కొద్దీ నా భయం తగ్గుతూ వచ్చింది. ఏమైనా చేయగల మంట ముందు మనిషి పడే జాగ్రత్తకు అర్థం ఉండదు. జాగ్రత్త పడడానికి వీల్లేని చోట పాఠకుడు చేతులు కట్టుకుని తమాషా చూస్తాడు.

వింత గుణం ఒక్కటే ఉంచు. మిగతా అంతా మన పొయ్యిలో నిప్పులాగే ఉండనీ. అప్పుడు ఆ ఒక్క గుణమే ఎంత దూరం తీసుకుపోతుందో చూడు. నిప్పు ఉన్న చోట పొగ ఉంటుంది కదా. మంట కంటే ముందు పొగ చేరుతుంది. పొగకు దగ్గు వస్తుంది. దగ్గు విని మంట వస్తుంది! నీ ఆరు అధ్యాయాల్లో ఒక్కరూ దగ్గలేదు, అమ్మాయీ. గుంటూరు పక్కన ఉండి ఈ సంగతి ఎలా వదిలేశావు? ఒక ఎండుమిరపకాయ నిప్పుల్లో పడితే ఇంటిల్లిపాదీ దగ్గుతారు. నీ కథలో మిరపకాయల కొట్టు ఒకటి పెట్టు. దానికి నిప్పంటుకోనీ. నోట్లో గుడ్డలు కుక్కుకుని, కళ్ల వెంట నీళ్లు కారుతూ, దగ్గు ఆపుకుంటున్న పదిమందిని రాయి. అందులో ఒక పసిబిడ్డ ఉంటే ఏం చేస్తారో నేను చెప్పను. నువ్వే రాయాలి.

ఇంకో సంగతి. మంటకు తన చిటపటలు తనకు వినబడవా? ఈ ప్రశ్న ఏ పాఠకుడైనా వేస్తాడు. దాన్ని లోపమనుకోకు, వాడుకో. కట్టె చిటపటలాడినంత సేపూ మంట ఆ చప్పుడుకే కట్టుబడి అక్కడే ఉంటుంది. కట్టె బొగ్గయ్యాక చప్పుడు దాదాపు ఆగిపోతుంది. అప్పుడు అది మళ్లీ చెవి రిక్కిస్తుంది. అంటే ఎగసిపడే మంట కంటే నిశ్శబ్దంగా ఎర్రబడ్డ బొగ్గులు ఎక్కువ ప్రమాదం. పరాయి ఊరివాడికి ఇది తెలియదు. మంట తగ్గిందని ఊపిరి పీల్చుకుని, 'అమ్మయ్య' అంటాడు.

కోటగోడ కరగడం మాత్రం కొట్టెయ్. సున్నపురాయి గోడ అని నువ్వే రాశావు. సున్నపురాయి మంటకు కరగదు. పిడుగురాళ్ల వెళ్లి బట్టీల దగ్గర నిలబడి చూడు. సుమారు 900 డిగ్రీల వేడికి రాయిలోని బొగ్గుపులుసు వాయువు పోయి సున్నం మిగులుతుంది. మేలిరకం రాయి నూరు కిలోలు పూర్తిగా కాలిస్తే మిగిలేది 56 కిలోలే. కానీ రాయి ఆకారం చెడదు. చూడడానికి గట్టిగానే ఉంటుంది. నీళ్లు తగిలితే బుసబుసమని పొంగుతుంది, వేడెక్కుతుంది, విచ్చిపోతుంది. బట్టీలో రోజుల తరబడి కాలితేనే లోపలి దాకా సున్నమవుతుంది కాబట్టి నీ గోడకు పైపొర ఒక్కటే కాలుతుంది. అది చాలు. మంట వెళ్లిపోయింది, గోడ నిలబడే ఉంది, జనం సంతోషించారు. ఆ రాత్రి వాన పడింది. గోడ పొడవునా బుసలు మొదలయ్యాయి. ఆ చప్పుడు ఎవరు వింటున్నారో నీకు తెలుసు.

ఆదిపర్వంలో ఖాండవ దహనం మళ్లీ చదువు. అక్కడ అగ్నికి ఆకలి ఎందుకో కారణం ఉంది, శ్వేతకి అనే రాజు చేసిన యాగంలో ఏళ్ల తరబడి నెయ్యి తాగి అజీర్తి చేసింది. అడ్డుపడేవాడున్నాడు, ఇంద్రుడు. అంత అడవి కాలుతున్నా నాకు గుర్తుండేది మాత్రం రెక్కలు రాని నాలుగు శార్ఙ్గక పక్షి పిల్లలు. ఎలుక కలుగులో దాక్కోమని తల్లి జరిత అంటుంది. ఎలుక నోట్లో పడి చావడం కంటే నిప్పులో పోవడమే మేలని పిల్లలు అంటాయి. నువ్వు ఎగిరిపో, బతికితే మళ్లీ పిల్లల్ని కనవచ్చు అని తల్లికే నచ్చజెబుతాయి. తర్వాత అగ్నిని స్తుతించి బతుకుతాయి. అక్కడ గొంతు విని అగ్ని ఆగింది. నీ మంట గొంతు విని వస్తుంది. ఆ తేడా నీకు పెద్ద ఆస్తి.

నీ నవలలోని సీమలో జనం రోజూ ఎలా బతుకుతారన్నది ఇంకా రాయాలి. పశువుల సంతల్లో దళారులు తువ్వాలు కింద వేళ్లు పట్టుకుని బేరం తేల్చేవారు. నీ సంతలన్నీ అలాగే సాగుతాయి. కుక్కల్ని పెంచరు. గుడిగంటకు నాలుక ఉండదు. ఇవన్నీ ఒక్కో వాక్యంలో వచ్చిపోతే చాలు, వివరించకు.

ఒక్కటి మాత్రం వివరంగా కావాలి. మంటను ఊరి నుంచి తప్పించాలంటే ఎవరో ఒకరు అరుస్తూ ఏటి వైపు పరుగెత్తాలి. ఆ పనికి ఎవరిని పంపుతారు? కోటలోని పిల్లల్ని పంపరు కదా. తరతరాలుగా ఏ ఇంటివాళ్లకు ఆ పని అంటగట్టారు, దానికి ఏడాదికి ఎన్ని బస్తాల ధాన్యం కొలుస్తారు, తిరిగి రానివాడి పెళ్లానికి ఆ ధాన్యం ఆపేస్తారా? నీ రాకుమారుడి కంటే ఆ పరుగెత్తేవాడి మీద నాకు ఆసక్తి ఎక్కువ. చివర్లో మంత్రంతో మంటను ఆర్పాలని అనుకుంటున్నట్టు రాశావు. ఆ ఆలోచన మానుకో.

ముందు నాలుగో అధ్యాయం తిరగరాసి పంపు. వానతో మొదలుపెట్టినా పరవాలేదు. ఈసారి అక్షరాలు కాస్త పెద్దవిగా ప్రింటు తీయించు, భూతద్దం పెట్టి చదవలేకపోతున్నాను.

ఆశీస్సులతో.