యంత్రం వల్ల ఉపాధి పోతుందా? మా ఇంటి ఆసు మిషను, సూరత్ ప్రింటు చీర

టెక్నాలజీ పెరిగితే మనలాంటి దేశాల్లో చేతిపని చేసుకునేవాళ్ల ఉపాధి పోతుందా, కొత్త పనులు పుడతాయా అని అడిగారు. ఈ మాట ఎత్తగానే అందరూ హైటెక్ సిటీ ఉద్యోగాల దగ్గరికే పోతారు. నేను మగ్గం గురించి చెప్తాను. నేను పెరిగింది మగ్గం గుంట పక్కనే.

మాది పోచంపల్లి వైపు పద్మశాలీల ఇల్లు. నాన్న నేస్తాడు. కండెలకు నూలు చుట్టడం, ఆసు పోయడం, రంగు అంటకూడని చోట పోగులకు రబ్బరు కట్టడం అమ్మ పని. ఒక పడుగుకు, అంటే మగ్గానికి ఒకసారి ఎక్కించే నిలువు పోగులకు, ఏడెనిమిది చీరలు దిగుతాయి. వాటి కోసం ఇంటిల్లిపాదీ వారాల తరబడి కష్టపడినా, కూలీ లెక్క రాసే పుస్తకంలో నాన్న పేరొక్కటే ఉంటుంది.

ఈ పనులన్నిట్లో ఒంటిని పీల్చేసేది ఆసు, అంటే రంగు అద్దే ముందు పోగును వరసగా సర్దే పని. అర్ధచంద్రంలా నిలబెట్టిన మేకుల చుట్టూ పోగును అటూ ఇటూ తిప్పుతూ ఉండాలి. ఒక్క చీరకు చెయ్యి సుమారు 9 వేల సార్లు ఆడాలి. అంటే నాలుగైదు గంటలు. రోజుకు రెండు చీరల ఆసు పోస్తే సాయంత్రానికి అమ్మ తన జడ తాను వేసుకోలేకపోయేది, అక్క వేసేది. ఆర్ఎంపీ డాక్టరు సూది వేసి "రెస్టు తీసుకోమ్మా" అనేవాడు. మగ్గం మీద పడుగు ఉండగా రెస్టు ఎక్కడిది?

ఆలేరు దగ్గరి శారాజీపేటకు చెందిన చింతకింది మల్లేశం గారు ఇదే బాధ తన తల్లి పడుతుంటే చూడలేక, ఇంజనీరింగ్ చదవకుండానే, ఏళ్ల తరబడి తిప్పలు పడి 1999లో ఆసు మిషను పూర్తి చేశారు. 2017లో ఆయనకు పద్మశ్రీ ఇచ్చారు. నా లెక్కలో అది చాలా ఆలస్యం.

మా ఇంటికి ఆ మిషను కొన్నేళ్లకు గానీ రాలేదు. దిగిన రోజు సగం వాడ మా వాకిట్లోనే ఉంది. "పోగు సంగతి చేతికి తెలుస్తది, ఇనుముకేం తెలుస్తది" అని నానమ్మ మూతి ముడిచింది. స్విచ్ వేశారు. పోగు దానంతట అదే మేకుల మీదికి ఎక్కుతూ పోతోంది. అమ్మ పక్కన పీట మీద కూర్చుంది. ఆమె కుడిచెయ్యి మాత్రం ఒళ్లో ఆగలేదు, మిషనుతో పాటు కదులుతూనే ఉంది. పోగు తెగితే లేచి ముడి వేయడం తప్ప ఆమెకు ఇంకో పని లేదని నమ్మడానికి చాలాసేపు పట్టింది.

ఆ గుంపులో మా పక్కింటి అత్త ఉంది. వాళ్లకు మగ్గం లేదు, ఇంటింటికీ ఆసు పోసి బతికేది. అందరూ మిషను చూస్తుంటే ఆమె మా అమ్మ మొహం చూస్తోంది. "ఇగ నన్నెందుకు పిలుస్తవ్ వదినా" అంది. అమ్మ దగ్గర జవాబు లేదు. నిజంగానే ఆ తర్వాత కొన్నాళ్లు ఆమెకు పని దొరకలేదు, పత్తి ఏరడానికి కూలికి పోయింది. తర్వాత మహిళా సంఘంలో అప్పు తీసుకుని తనే ఒక మిషను పెట్టుకుంది. చేత్తో రోజుకు రెండు చీరలకు పోసే మనిషి, మిషను మీద ఆరు చీరల దాకా పోస్తోంది. ఇప్పుడు మా వీధి ఆసంతా ఆమెదే.

అందుకే నేను గట్టిగా చెప్తాను, యంత్రం మంచిదా చెడ్డదా అని వాదించడం దండగ. అది ఎవరి ఇంట్లో ఉంది, దాని మీద వచ్చే డబ్బు ఎవరి చేతికి వస్తోంది? ఇదొక్కటి తెలిస్తే మిగతాది తెలిసిపోతుంది. ఆ సంఘం అప్పు దొరక్కపోయి ఉంటే అత్త ఇప్పటికీ పత్తి చేలోనే ఉండేది.

రెండో రకం యంత్రాన్ని నేను హైదరాబాద్‌లో ఒక పెద్ద బట్టల దుకాణంలో చూశాను. చెల్లి పెళ్లికి పెట్టుబడి చీరలు కొనడానికి వెళ్లాం. "ఒరిజినల్ పోచంపల్లి, పెద్దాయనా" అని ఒక చీర నాన్న ముందు పరిచారు. నాన్న కొంగు తిరగేశాడు. వెనక తెల్లగా ఉంది. మా పోచంపల్లి నేతను ఇక్కత్ అంటారు, మేం పోగుకే రంగు అద్ది నేస్తాం కాబట్టి దానికి రెండు వైపులా డిజైన్ ఒకేలా ఉంటుంది, గీతల అంచులు కాస్త చెదిరినట్టు కనబడతాయి. అది సూరత్‌లో పాలియెస్టర్ మీద ప్రింటు కొట్టిన బట్ట. దాని ధరకు మాకు నూలు, రంగులు కూడా రావు. నాన్న ఏమీ అనకుండా మడతపెట్టి పక్కన ఉంచాడు. ఇంటికొచ్చాక కూడా ఆ మాట ఎత్తలేదు. నాకు మాత్రం ఇప్పటికీ కడుపు మండుతుంది. ఆ ప్రింటు మిషను మా డిజైను తీసుకుంది, మా ఊరి పేరు తీసుకుంది, అందులో మా వీధిలో ఒక్కరికి కూడా పని లేదు.

సిరిసిల్ల సంగతీ చూడండి. చేతిమగ్గాలు పోయి సాంచలు, అంటే కరెంటుతో నడిచే మరమగ్గాలు వచ్చాయి, బతుకులు మారతాయన్నారు. సూరత్, భీవండి బట్టతో పోటీపడలేక ఆ సాంచల మీద కూడా అప్పులే మిగిలాయి. 2017 నుంచి బతుకమ్మ చీరల సర్కారు ఆర్డరు వచ్చాక కాస్త చేతినిండా పని దొరికింది. ఆ ఆర్డరు ఆగగానే సాంచలూ ఆగాయి. పాత యంత్రం ఉన్నవాణ్ణి కొత్త యంత్రం ఉన్నవాడు తింటాడు.

దేశంలో చేనేత పనివాళ్లు 2009-10 లెక్కల్లో 43 లక్షలకు పైగా ఉంటే, 2019-20 నాటికి 35 లక్షలకు పడిపోయారు. వాళ్లలో నూటికి 70 మందికి పైగా ఆడవాళ్లే. అయినా నైపుణ్య శిక్షణ అని మా ఊరికి వచ్చిన ప్రతివాళ్లూ మగవాళ్లనే కూర్చోబెట్టి, బ్యానర్ ముందు ఫొటో దిగి, సర్టిఫికెట్ ఇచ్చి వెళ్లారు. ఆగస్టు 7న చేనేత దినోత్సవం అని స్టేటస్‌లు పెట్టేవాళ్లే మర్నాడు మా దగ్గరికొచ్చి "ఆన్‌లైన్‌లో 600కే ఉంది కదా" అని బేరమాడతారు. ఇది నాకు చాలా బాధ.

ఇప్పుడు ఏఐ వచ్చింది. నాన్న గ్రాఫ్ పేపరు మీద రోజుల తరబడి వేసే డిజైన్‌ను తమ్ముడు ల్యాప్‌టాప్‌లో ఒక్క పూటలో వేస్తున్నాడు. నాకు సంతోషమే, ఎందుకంటే ల్యాప్‌టాప్ మా ఇంట్లోనే ఉంది. అదే పని సూరత్ వ్యాపారి చేస్తే మాకు మిగిలేది ఏమీ లేదు.

పోచంపల్లి ఇక్కత్‌కు భౌగోళిక గుర్తింపు (జీఐ) ఉంది, అంటే ఆ పేరు మా ప్రాంతపు నేతకే చెందుతుంది. ఆ పేరును తప్పుగా వాడితే ఆరు నెలల నుంచి మూడేళ్ల దాకా జైలు అని 1999 చట్టం చెబుతోంది. ఆసు మిషను వచ్చిన ఏడాదే వచ్చిన చట్టం అది. మిషను ఇల్లిల్లూ చేరింది, చట్టం మాత్రం ఇంకా దుకాణం గుమ్మం ఎక్కలేదు. మా ఊళ్లో ఎవరినైనా అడగండి, ఆ నేరానికి జైలుకెళ్లిన వ్యాపారి ఒక్కడి పేరు చెప్పలేరు. ముందు ఆ చట్టాన్ని అమలు చేయమనండి. ప్రతి ప్రింటు చీర మీద 'ప్రింటు' అని తెలుగులో పెద్ద అక్షరాలతో రాయించమనండి. ఈలోపు మీరు దుకాణానికి వెళ్తే కొంగు తిరగేసి చూడండి. వెనక తెల్లగా ఉంటే అది పోచంపల్లి కాదని పక్కనున్నవాళ్లకు కూడా వినబడేలా చెప్పండి.